బొరియలో దొరికిన నల్లవడ్లు

పోయిన నెల మా కోడలు బందరులో ఏదో ఎగ్జిబిషన్‌కి వెళ్ళి ఒక వరికంకుల కుచ్చు కొనుక్కొచ్చింది. వీధి గుమ్మానికి కడితే అందంగా ఉంటుందట. మా రోజుల్లో దాన్ని అందం కోసం ఎవరూ కట్టలేదమ్మా, పిచ్చికల కోసం చూరుకి వేలాడదీసేవాళ్ళం అనబోయి ఊరుకున్నాను. ముసలివాళ్ళు "మా రోజుల్లో" అని మొదలుపెట్టగానే వినేవాళ్ళ మొహాలు ఎలా మారతాయో, ముప్ఫై ఏళ్ళు పంతులమ్మగా పని చేసినదాన్ని, నాకు తెలియదా. ఊరికే కళ్ళజోడు పెట్టుకుని చేతిలోకి తీసుకుని చూశాను. చూసి అక్కడే కూర్చుండిపోయాను. కంకులు వేలాడే చోటికి కాస్త పైన గడ్డితో అల్లిన చిన్న చుట్ట ఉంది, చంటిపిల్ల గాజంత. అది అందరూ పెట్టేది కాదు. నాకు తెలిసి ఈ భూమ్మీద అది పెట్టిన మనిషి ఒక్కతే, మా బామ్మ. "పిచ్చిక నిలబడే తినాలా ఏమిటి, దానికీ కూర్చోడానికి చోటుండొద్దూ" అనేది. బామ్మ పోయి యాభై ఏళ్ళు దాటింది. ఆవిడ దగ్గర ఆ అల్లిక నేర్చుకున్నవాళ్ళం ఇద్దరమే. ఒకత్తిని నేను. చేతులు వణకడం మొదలయ్యాక నేను అల్లడం మానేశాను. రెండో మనిషి మంగ.

ఇన్నేళ్ళుగా మంగ పేరు నేను ఎవరి దగ్గరా ఎత్తలేదు. ఎందుకో చెప్పాలంటే ముందు మా ఇల్లు చెప్పాలి. మా ఊరు గూడూరు దాటి బందరు వైపు వెళ్తుంటే కాలవ పక్కన ఉంటుంది. నాన్నగారు ఆ ఊరి ఎలిమెంటరీ స్కూలు హెడ్మాస్టరు. స్కూల్లో ఉన్న ఒకే ఒక్క విలువైన వస్తువు గోడకి వేలాడే గుడ్డ పటం. అందులో కాశ్మీరాన్ని చెదలు తినేశాయి. అయినా ఆ పటం ముందు నిలబడితే నాన్నగారికి ఆకలి దప్పికలు గుర్తుండేవి కావు. "ఇదంతా ఒక్క జనం అనుకుంటున్నారేమో, కాదర్రా. కొండకో జాతి, లోయకో భాష. వాళ్ళందరి పేర్లూ తెలియకుండా ఈ దేశం నాది అనడానికి మీకు నోరెలా వస్తుంది?" అనేవారు. ఎక్కాలతో పాటు ఆ పేర్లు కూడా మా చేత వల్లె వేయించేవారు. గోండులు, సవరలు, భిల్లులు, సంతాలులు, నాగాలు, తోడలు. బందరు తీసుకెళ్తే బట్టలు కొనడానికి ముందు డచ్చివాళ్ళ సమాధులు చూపించాల్సిందే, ఎప్పుడో పర్షియా నుంచి ఓడల్లో వచ్చి స్థిరపడిన వాళ్ళ వీధిలోంచి నడిపించాల్సిందే.

ఇంట్లో కూడా ఇదే పాఠం. భోజనాల దగ్గర కంచంలో అన్నం కలుపుతూ ఉండగా "తోడలు ఎక్కడుంటారే సీతా?" అనేవారు. "నీలగిరుల్లో" అనేదాకా నెయ్యి గిన్నె నా వైపు జరిగేది కాదు. నలుగురూ ఉన్నప్పుడు అందరికంటే ముందు జవాబు చెప్తే బెల్లం ముక్క అదనం. అలా నాకు తొమ్మిదేళ్ళు వచ్చేసరికి, ఎవరు ఏది అడిగినా తటాలున నోరు తెరిచే జబ్బు పట్టుకుంది. బామ్మ మాత్రం ఇలాంటి చదువుని లెక్కచేసేది కాదు. తెల్లవారకుండానే నూతి దగ్గర స్నానం చేసి, తడిబట్టతో మడి వంట మొదలుపెట్టేది. పిడకల పొగ, ఇంగువ, తడిసిన నూలు బట్ట కలిసిన వాసన అంటే నాకు ఇప్పటికీ బామ్మే. ఆవిడ చదువు ఆవిడకుంది. పిడికెడు వడ్లు చేతిలో పోస్తే కళ్ళు మూసుకుని ఏ రకమో చెప్పేది, నాకూ నేర్పింది. మా రెండెకరాల్లో ఒక చెక్క మాత్రం కృష్ణకాటుకలు వేయించేది. పొట్టు నల్లగా ఉండే వడ్లు అవి. నేను చెప్పబోయే ఏడు వాటిని చుట్టుపక్కల ఇంకెవరూ వేయలేదు.

మా పెరటి గోడ వెనక చేలు, చేల చివర కాలవ గట్టు, గట్టు మీద నాలుగు గుడిసెలు. వంగితే గాని లోపలికి వెళ్ళలేని తాటాకు గుడిసెలు. వాళ్ళు యానాదులు. చేలల్లో ఎలకలు పట్టడం, బోదె కాలవల్లో చేతులతో తడిమి చేపలు పట్టడం వాళ్ళ పని. అక్కడ పని అయిపోతే దివిసీమకో బంటుమిల్లి వైపుకో వెళ్ళిపోయేవాళ్ళు, మళ్ళీ కోతలకి వచ్చేవాళ్ళు. అందులో ఒక గుడిసె పోలయ్యది. అతని భార్య చెంచమ్మ, కూతురు మంగ. చెంచమ్మ బామ్మ మోకాళ్ళకి ఏవో వేళ్ళు తెచ్చి పెరటి గోడ మీద పెట్టేది. బామ్మ గోడ ఇవతల నుంచే, చెయ్యి తగలకుండా, పైనుంచి బియ్యం ఒళ్ళో పోసేది. బామ్మ గురించి గొప్పలు చెప్పడానికి నేను కూర్చోలేదు, ఉన్నది ఉన్నట్టే రాస్తున్నాను.

మంగది నా ఈడు. ఇద్దరమే ఉన్నప్పుడు నన్ను "సీతా" అనేది, గోడ మీద బామ్మ తల కనబడితే "సీతమ్మగారూ" అనేది. స్కూలుకి వెళ్ళే ముందు నేను గట్టు మీదకి పరిగెత్తి వెళ్ళేదాన్ని. చెంచమ్మ ఎలకల్ని పట్టడం చూడాలని నాకు తగని సరదా. అడుగున చిల్లు పెట్టిన కుండలో గడ్డి కుక్కి నిప్పంటించి, కుండ మూతిని బొరియకి ఆనించి, చిల్లులోంచి ఊదేది. ఎక్కడెక్కడి కన్నాల్లోంచో పొగ లేచేది, ఒక్క కన్నం దగ్గర పోలయ్య కాచుకుని ఉండేవాడు. తరవాత పలుగుతో తవ్వితే ఎలకలు దాచుకున్న కంకులు గంపల కొద్దీ బయటపడేవి. ఆ కంకులు తవ్వినవాళ్ళవే. ఏ రైతూ అడిగేవాడు కాదు, అది పాత కట్టుబాటు. మంగ వాటిని దంచితే చెంచమ్మ జావ కాచేది. ఆ జావ నేను కూడా తాగేదాన్ని. ఇంట్లో తెలిస్తే నన్ను నూతిలో ముంచి తీసేవాళ్ళు.

ఆ ఏడు కుప్ప నూర్చాక కృష్ణకాటుకలు రెండు బస్తాలు తక్కువ వచ్చాయి. ఆ సంగతి మాట్లాడటానికి మునసబుగారు మా అరుగు మీదకి వచ్చారు. ఆయన వెంట బందరు నుంచి వచ్చిన హెడ్ కానిస్టేబులు కూడా ఉన్నాడు. అమ్మ ఇద్దరికీ మజ్జిగ పంపించింది. "చేలో కుప్ప ఎవడు తీస్తాడు మాస్టారూ? మీకు ఎవరి మీదైనా అనుమానం ఉందా?" అని మునసబుగారు అడిగారు. నాన్నగారు ఆలోచిస్తున్నారు. పలక పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉన్నాను నేను. అడిగింది ప్రశ్న, నాకు జవాబు వచ్చు.

"నాకు తెలుసు! మన నల్లవడ్లు మంగావాళ్ళింట్లో ఉన్నాయి. గంప నిండా ఉన్నాయి. పొద్దున్న నేను వెళ్ళి చూశాను, జావ కూడా తాగాను" అన్నాను.

బెల్లం ముక్క వస్తుందనుకుంటున్నాను. హెడ్డు మజ్జిగ గ్లాసు కింద పెట్టాడు. "మంగ ఎవరండీ?" అన్నాడు. నాన్నగారు నా వైపు చూసిన చూపు ఇప్పటికీ కళ్ళ ముందుంది. అందులో కోపం లేదు, భయం ఉంది.

గంట తిరక్కుండా పోలయ్యని మా వాకిట్లోకి తీసుకొచ్చారు. పక్కన ఆ గంప. వెనకాల చెంచమ్మ, చెంచమ్మ కొంగు పట్టుకుని మంగ. పోలయ్య చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "బొరియలో తవ్వినయ్యండీ. కుప్ప పక్కన గట్టు కింద ఉన్నయ్యండీ. ఎలికలు దాసుకున్నయ్యే బాబూ, కుప్ప మీద సెయ్యేసినోణ్ణి గాదు" అన్నాడు.

"రెండు బస్తాలు మోసుకుపోయే ఎలకలంటే ఎంతుంటాయిరా, దున్నపోతులంతా?" అన్నారు మునసబుగారు. హెడ్డు నవ్వలేదు. "వీళ్ళంతా చెప్పేది ఇదేనండీ. సాయంత్రం బండికి బందరు తీసుకెళ్తాను. పేరు రాయించాల్సిందే" అన్నాడు.

పేరు రాయించడం అంటే ఏమిటో నాకు తెలియదు. వంటింట్లోకి వెళ్ళి అమ్మని అడిగాను. అమ్మ కూర తరుగుతూ మెల్లగా చెప్పింది. కొన్ని జాతులవాళ్ళు పుట్టుకతోనే దొంగలని దొరలు ఒక చట్టం చేశారట. మా చుట్టుపక్కల ఎరుకలవాళ్ళని చాలామందిని రిజిస్టర్లో ఎక్కించారట. యానాదుల్లో కూడా ఒక్క దొంగతనం రుజువైతే చాలు, ఎక్కిస్తారట. పేరు ఎక్కినవాడు రోజూ వెళ్ళి మునసబుకి మొహం చూపించాలి. చీటీ లేకుండా ఊరు దాటకూడదు. "ఊరు దాటకపోతే వాళ్ళు తినేదేముంది? చేపల కాలానికి దివిసీమకి పోవాలి, కోతలకి ఇటు రావాలి. మాట తప్పాడంటే ఆలుబిడ్డలతో సహా కంచె వేసిన సెటిల్మెంటులో పెడతారు" అంది అమ్మ. అని, కత్తిపీట పక్కన పెట్టి, "నిన్నెవరడిగారే?" అంది.

నాన్నగారు అరుగు మీద తల వంచుకు కూర్చున్నారు. తోడలు ఎక్కడుంటారో తెలిసిన మనిషికి ఆ పూట ఒక్క మాట తోచలేదు. నేను ఏడుస్తూ బామ్మ దగ్గరికి పోయాను. జావ తాగిన సంగతితో సహా అన్నీ చెప్పేశాను. బామ్మ జపం ఆపి విన్నది. "కుప్ప పక్క గట్టులోవి అన్నాడా వాడు?" అంది. "ఊఁ" అన్నాను. "కంకులు చూశావా, వడ్లు చూశావా?" అంది. "కంకులే" అన్నాను. బామ్మ లేచి, కుచ్చు అల్లడానికి దాచుకున్న కృష్ణకాటుకల కట్ట చంకలో పెట్టుకుని వాకిట్లోకి నడిచింది. మడి బట్టతో ఆవిడ మగవాళ్ళ ముందుకి రావడం అంతకు ముందు నేను చూడలేదు.

వచ్చి మెట్టు మీద కూర్చుని, ఎవరితోనూ మాట్లాడకుండా కుచ్చు అల్లడం మొదలుపెట్టింది. హెడ్డు కాసేపు చూసి "అమ్మగారూ, మాకు వేళవుతోందండీ" అన్నాడు.

"నీ ఉద్యోగం నువ్వు చేసుకో నాయనా. నా కుచ్చుకి నాలుగు కంకులు తక్కువయ్యాయి, ఆ గంప ఇటు తొయ్యి" అంది. తోశాడు. బామ్మ అందులో చెయ్యి పెట్టి గుప్పెడు కంకులు తీసింది. యానాది గుడిసెలోంచి వచ్చిన గంపలో మా బామ్మ చెయ్యి! అమ్మ కిటికీలోంచి చూస్తూ నోరు నొక్కుకుంది. అల్లబోయింది, జారిపోయాయి. మళ్ళీ అల్లబోయింది, మళ్ళీ జారాయి. "నా వల్ల కావడం లేదు, నువ్వు అల్లి పెట్టు" అని హెడ్డు చేతిలో పెట్టింది. అతను కూడా పాపం పల్లెటూరివాడే, చిన్నప్పుడు అల్లే ఉంటాడు. రెండు కంకులు మెలిపెట్టబోయి ఆగిపోయాడు.

"కాడేదండీ?" అన్నాడు.

"అదే నేనూ అడుగుతున్నాను. కొడవలితో కోస్తే మూరెడు కాడ ఉంటుంది, ఇదిగో నా కట్ట చూడు. కుప్పలో ఉన్నవన్నీ ఇవే. దొంగవాడు కట్టకి కట్ట లాక్కుపోతాడు గాని, తీరిగ్గా కూర్చుని ఒక్కో కంకినీ మెడ దగ్గర కొరుకుతాడా? ఆ చివర చూడు, ఏటవాలుగా ఎలా తెగిందో. చేత్తో తుంచితే పీచు లేస్తుంది. అవి పళ్ళు నాయనా" అంది బామ్మ.

హెడ్డు ఒక్కొక్కటే తీసి ఎండకి పెట్టి చూశాడు. మునసబుగారు కూడా వంగి చూశారు. "అయితే మాత్రం రెండు బస్తాలా?" అని ఆయన ఇంకా గొణుగుతూనే ఉన్నారు. అప్పుడు చెంచమ్మ మొదటిసారి నోరు తెరిచింది. "రండి బాబూ, తవ్వి సూపిత్తాను" అంది.

అందరం చేలోకి వెళ్ళాం. కుప్ప ఉన్న చోట నేల ఇంకా వరిగడ్డి వాసన వేస్తోంది. చెంచమ్మ కుండ తెచ్చి, గట్టు కింద ఒక కన్నానికి ఆనించి ఊదింది. నేను లెక్కపెట్టాను, పదకొండు చోట్ల పొగ లేచింది. పదకొండోది సరిగ్గా కుప్ప వేసిన చోట నడిమధ్య. మునసబుగారి కాళ్ళ దగ్గర కూడా ఒకటి లేస్తే ఆయన ఎగిరి పక్కకి దూకారు. పోలయ్య పలుగు అందుకున్నాడు. తవ్వుతుంటే నల్లటి కంకులు, ఒక అర తరవాత ఇంకో అర, ఎవరో ఇల్లాలు సర్దిపెట్టినట్టు, తలలన్నీ ఒకే వైపుకి. ఒక గంప నిండింది, రెండో గంప నిండింది. మూడోదానికి హెడ్డు చాలన్నాడు. టోపీ తీసి చెమట తుడుచుకుని "ఈ దొంగల్ని రిజిస్టర్లో ఎక్కించడం నా వల్ల కాదండీ" అన్నాడు. పోలయ్య అక్కడే మట్టిలో కూలబడిపోయాడు. చెంచమ్మ నవ్వడం మొదలుపెట్టింది, ఆపుకోలేక కళ్ళ నీళ్ళు కారుతున్నా నవ్వుతూనే ఉంది.

"వడ్లు మీవే కదా మాస్టారూ, ఇంటికి పట్టించండి" అన్నారు మునసబుగారు. నాన్నగారు సరే అనేవారేమో. వెనక గట్టు మీద నుంచి బామ్మ గొంతు వినబడింది. "బొరియలోవి తవ్వినవాళ్ళవి. మా మామగారి రోజుల నుంచీ అంతే." అని ఇంటికి వెళ్ళి, నూతి దగ్గర తలారా స్నానం చేసి, మళ్ళీ మడి కట్టుకుంది. ఆ స్నానం గురించి నేను చాలాసార్లు ఆలోచించాను. ఒకప్పుడు కోపం వచ్చేది, ఇప్పుడు రాదు. ఆవిడ దాటగలిగినంత దాటింది.

మర్నాడు స్కూల్లో నాన్నగారు పటం ముందు నిలబడి ఎప్పటిలా పేర్లు చెప్పించారు. తోడల దగ్గర ఆగి, సుద్దముక్క తీసుకుని, పటం మీద బందరు పక్కన చిన్న చుక్క పెట్టి "యానాదులు" అన్నారు. మేమూ అన్నాం. ఆయన ఇంక పాఠం చెప్పలేదు, కిటికీలోంచి గట్టు వైపు చూస్తూ కూర్చున్నారు. ఆ వారంలోనే బామ్మ పొడుగు కాడల కట్ట రెండు పాయలు చేసి, ఒకటి నాకిచ్చి, ఒకటి గోడ మీద పెట్టి మంగని పిలిచింది. గోడకి అవతల మంగ, ఇవతల నేను, మధ్యలో బామ్మ గొంతు. చుట్ట పెట్టడం మంగకే ముందు వచ్చింది. నేను చెప్పాలనుకుంటూనే ఉన్నాను, ఆ రోజు అరుగు దగ్గర వాగింది నేనేనని. నోరు రాలేదు. ప్రశ్న వినబడగానే జవాబు చెప్పే నోరు అది! పది రోజుల తరవాత చూస్తే గట్టు మీద గుడిసెలు లేవు. తరవాతి కోతలకి వాళ్ళు రాలేదు. తరవాత మేమే బందరు వెళ్ళిపోయాం.

పెద్దయ్యాక నేనూ పంతులమ్మనయ్యాను, సోషల్ చెప్పాను. మన దేశంలో ఎన్ని జాతులున్నాయి, ఎలా కలిసి ఉన్నాయి అనే పాఠం ఏటా వచ్చేది. ఆ పాఠం మాత్రం పిల్లల చేతే చదివించి ముగించేదాన్ని. స్వతంత్రం వచ్చాక ఆ చట్టం పోయిందని పేపర్లో చదివిన రోజు నేను చేసినది ఏమీ లేకపోయినా పండగలా పాయసం వండుకున్నాను.

కుచ్చు అమ్మిన స్టాలులో వాకబు చేస్తే, అవనిగడ్డ దగ్గర ఒక కాలనీ పేరు చెప్పారు. మా కోడలు ఆటో మాట్లాడింది. మంగ తన పక్కా ఇంటి అరుగు మీద, కాళ్ళు చాపుకుని, ఒళ్ళో గడ్డితో కూర్చుని ఉంది. మనవరాలు పక్కన కూర్చుని అంగన్‌వాడీ పిల్లల పేర్లు రిజిస్టర్లో రాసుకుంటోంది. ఆ పుస్తకం చూసి నేను ఒక్క క్షణం ఉలిక్కిపడ్డాను. మంగ చాలాసేపు చూసి "సీతమ్మగారండీ?" అంది. నేను కుర్చీలో కూర్చోలేదు. అరుగు మీద ఆమె పక్కనే కూర్చుని, దారి పొడుగునా కూడబలుక్కున్నదంతా మర్చిపోయి, "ఆ రోజు చెప్పింది నేనే మంగా" అన్నాను.

"తెల్సండీ. ఆ పూటే తెల్సు. గట్టు మీదకి మీరు తప్ప ఇంకెవరొచ్చేవోళ్ళండీ?" అంది మంగ, అల్లిక ఆపకుండా.

"మరి మీ అమ్మ ఏమీ అనలేదా?"

"ఎందుకనలేదూ! మీరేమన్నారో మీ వాకిట్లో అనుకుంటంటే ఇన్నాం గదండీ. ఇంటికొచ్చాక మా అయ్య తిడతంటే మా అమ్మే అడ్డం పడింది. 'ఆ పిల్ల మనింటికొచ్చి జావ తాగానని మునసబు ముందర చెప్పింది గదంటయ్యా. ఆ ఇళ్ళల్లో ఎవురు చెప్తారు అట్టాగ?' అంది. పోయిందాకా అందరికీ చెప్పుకునేది మా అమ్మ. హెడ్డు సంగతి కాదండీ, జావ సంగతి."

అరవై ఏళ్ళుగా నేను దాచుకున్న పాడు మాట వాళ్ళింట్లో అలా ఉందన్నమాట. మా కోడలు ముందు ఏడవడం నాకు ఇష్టం ఉండదు, అయినా ఏడ్చాను. మంగ తన కొంగుతో నా మొహం తుడవబోయి ఆగితే, నేనే ఆ కొంగు లాక్కుని తుడుచుకున్నాను. ఎంత తేలిగ్గా అనిపించిందో చెప్పలేను.

మొన్న గురువారం మనవరాలితో కలిసి మంగ మా ఇంటికి వచ్చింది. వీధి గుమ్మంలోంచే వచ్చింది, తను అల్లిన కుచ్చుని తలెత్తి చూసి, చుట్ట వదులైందని స్టూలు వేయించుకుని బిగించింది. పక్కింటావిడ గోడ మీద నుంచి తొంగి చూసి "ఎవరండీ, మీ చుట్టాలా?" అని అడిగింది. ప్రశ్న వినబడితే నాకు ఆగదు కదా.

"మా ఊరి మంగ. యానాదుల పిల్ల. చిన్నప్పుడు నేను రోజూ వీళ్ళింటికి వెళ్ళి జావ తాగేదాన్ని" అని వీధి వీధంతా వినబడేలా చెప్పాను.

స్టూలు మీద నుంచి మంగ కిందికి చూసి, "సీతా, చెయ్యి అందించు, దిగుతాను" అంది.